సర్‌నేమ్ గడిలో మా ఇంటిపేరు

కశింకోట,
అనకాపల్లి జిల్లా.

గౌరవనీయులైన విదేశీ వ్యవహారాల మంత్రి డాక్టర్ ఎస్. జైశంకర్ గారికి,

మీ పేరు ముందున్న ‘ఎస్’ మీ తండ్రిగారు సుబ్రహ్మణ్యం గారిది. తమిళనాట అది ఆనవాయితీ. మా తెలుగు నేలన పేరు ముందుండే పొడి అక్షరం తండ్రిది కాదు, ఇంటిది. దాడి, పీలా, కొణతాల, బొడ్డేడ, ఆడారి, కాండ్రేగుల, మళ్ల... మా అనకాపల్లి చుట్టుపక్కల ఏ ఊరు వెళ్లినా ఈ ఇంటిపేర్లు చెవిన పడతాయి. పెళ్లి సంబంధం కలపాలన్నా, గట్టు తగువు తీర్చాలన్నా పెద్దలు ముందు అడిగేది ‘మీ ఇంటిపేరేటి?’ అనే. మనిషి పేరు ఆ తరవాత. దేశం దాటించే పుస్తకంలో ఈ ఇంటిపేరు ఎక్కడ కూర్చోవాలో తెలియక మావాళ్లు పడుతున్న అవస్థ మీ చెవిన వేయడానికే ఈ ఉత్తరం. పేరు ముందు అక్షరం మోస్తున్నవారు గనక మీకు తొందరగా అర్థమవుతుందని నా ఆశ.

నేను 1984 నుంచి 2016 దాకా ఈ చుట్టుపక్కల బళ్లలో తెలుగు చెప్పినవాణ్ణి. రిటైరయ్యాక ఆదివారం పొద్దున్న మా అరుగు మీద ఇద్దరు ముగ్గురైనా ప్లాస్టిక్ సంచుల్లో కాగితాలు పట్టుకుని కూర్చుంటున్నారు. ఒకప్పుడు పింఛను దరఖాస్తులు, కుల ధ్రువపత్రాలు ఉండేవి. ఈ పదేళ్లలో పాస్‌పోర్టు కాగితాలు ఎక్కువయ్యాయి. అమెరికాలో కూతురికి పురుడు పోయడానికి వెళ్లే తల్లులు, సింగపూర్ షిప్‌యార్డుల్లో వెల్డింగ్ పనికి వెళ్లే కుర్రాళ్లు, ఎమ్మెస్ చదువుకు వెళ్లే పిల్లలు. రైల్వే లైను పక్కనున్న ఈ మండల కేంద్రం నుంచి ఇంతమంది బయటి దేశాలకు వెళ్తారని నేను ఉద్యోగంలో చేరిన రోజుల్లో ఎవరైనా చెబితే నమ్మేవాణ్ణి కాను.

మొన్న వచ్చినావిడ 1986లో మా బళ్లో ఏడో తరగతి చదివింది. చదువు అక్కడితో ఆగింది, పెళ్లయింది, ఇద్దరు పిల్లల్ని ఇంజనీర్లను చేసింది. పెద్దమ్మాయి డల్లాస్‌లో ఉంది, ఐదో నెల. ఆవిడ సంచీలోంచి నాలుగు కాగితాలు తీసి అరుగు మీద పరిచింది. గాలికి ఎగరకుండా ఒక్కోదాని మీద ఒక్కో గులకరాయి పెట్టింది. బడి రికార్డులో ‘పి. సత్యవతి’. ఆ ‘పి’ పుట్టింటి ఇంటిపేరు. ఆధార్‌లో అత్తింటి ఇంటిపేరు పూర్తిగా ఉంది, పక్కన సత్యవతి. ఇంగ్లీషులో రాసినచోట టీ తరవాత హెచ్ ఉంది. బ్యాంకు పుస్తకంలో సత్యవతి ముందు, అత్తింటి పొడి అక్షరం వెనక. అక్కడ టీ తరవాత హెచ్ లేదు. పాత రేషన్ కార్డులో సత్తెమ్మ.

“మేస్టారూ, ఇయన్నీ నేనేనని నాకు తెల్సు, ఊరికి తెల్సు. కాయితానికి తెలవాలంటే ఏటి సెయ్యాల?” అని అడిగింది.

అంతకు ముందు రోజే ఆవిడ ఒక నెట్ సెంటర్‌కు వెళ్లి దరఖాస్తు సగం నింపించుకుని వచ్చింది. ఆ కాగితం చూశాను. గివెన్ నేమ్ గడిలో అత్తింటి ఇంటిపేరు. సర్‌నేమ్ గడిలో సత్యవతి. ‘సర్‌నేమ్ అంటే లాస్ట్ నేమ్, మీ పేరులో లాస్ట్ సత్యవతే కదా అమ్మా’ అన్నాడట అక్కడి కుర్రాడు. వాడి తర్కంలో తప్పు పట్టలేను. ఆ గడి మీద ఇంగ్లీషులో రాసిన మాట వాడికి బడిలో ఎవరూ అర్థం చెప్పలేదు. పంపించేలోపే చూశాం గనక సరిపోయింది. లేకపోతే ఆవిడ పాస్‌పోర్టులో సత్యవతి అన్నది వంశం పేరు, అత్తింటివాళ్ల ఇంటిపేరు ఆవిడ సొంతపేరు అయి కూర్చునేవి.

మంత్రి గారూ, ఇలా తిరగబడి అచ్చయిన పాస్‌పోర్టులు మా ఊళ్లో నేను చూసినవే చాలా ఉన్నాయి. ఒక ఇల్లు చెబుతాను. తండ్రి పేరు చివర రావు, తల్లి పేరు చివర దేవి, కొడుకు పేరు చివర కుమార్, కూతురి పేరు చివర లక్ష్మి. నలుగురికీ ఇంటిపేరు ఒకటే, గుమ్మం మీద నల్లరాతి పలకకు చెక్కించి ఉంది. నాలుగు పాస్‌పోర్టుల్లో సర్‌నేమ్ గడి చూస్తే రావు, దేవి, కుమార్, లక్ష్మి. పరాయి దేశపు విమానాశ్రయంలో ఇమిగ్రేషన్ అధికారి ఆ నాలుగు పుస్తకాలూ ముందు పెట్టుకుని, మీరంతా ఒక కుటుంబమేనా, ఈ పిల్లలు మీ పిల్లలేనా అని తండ్రిని మళ్లీ మళ్లీ అడిగాడట. తన పిల్లలు తన పిల్లలేనని రుజువు చెప్పుకోవలసిన పరిస్థితి ఏ తండ్రికీ రాకూడదు.

ఇది పల్లెటూరి అమాయకత్వం వల్ల వచ్చిన తప్పు కాదు. మీ కుర్చీలో 1980ల్లో రెండు విడతలు కూర్చుని, తరవాత దేశానికి ప్రధాని అయిన పాములపర్తి వేంకట నరసింహారావు గారిని ప్రపంచ పత్రికలన్నీ ‘మిస్టర్ రావు’ అనే రాశాయి. ఆయన ఇంటిపేరు పాములపర్తి. రావు అనేది తెలుగునాట లక్షల మంది మగవాళ్ల పేరు చివర గౌరవానికి తగిలించే మాట. అదే చైనా అధ్యక్షుడు షీ జిన్‌పింగ్‌ను ఎవరూ మిస్టర్ జిన్‌పింగ్ అనరు. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా పనిచేసిన కొరియా వాసి బాన్ కీ మూన్ ఎక్కడికెళ్లినా మిస్టర్ బానే. చైనా, కొరియా, హంగరీ దేశాల్లో మాలాగే ఇంటిపేరు ముందు వస్తుంది. ఆ సంగతి లోకానికి తెలుసు, ఎందుకంటే ఆ ప్రభుత్వాలు తమ పద్ధతి ఇదని లోకానికి చెప్పాయి. మా తరఫున చెప్పవలసింది మీ శాఖ.

బ్యాడ్మింటన్ స్కోరుబోర్డు మీద ‘పూసర్ల వి. సింధు’ అని, పూసర్ల మాత్రం పెద్ద అక్షరాల్లో కనబడ్డప్పుడల్లా నాకు కళ్లు చల్లబడతాయి. ఒక ఆటల సంఘం మా పద్ధతిని సరిగా పట్టుకోగలిగింది.

పాస్‌పోర్టుకూ తెలుగువాడికీ ఇంకో ముడి ఉంది. ఇది నేను పిల్లలకు ఎప్పుడూ చెప్పేవాణ్ణి. పాస్‌పోర్టు ఇవ్వడం, ఇవ్వకపోవడం సర్కారు ఇష్టానికి వదిలే వ్యవహారం కాదని, విదేశం వెళ్లడం మనిషి స్వేచ్ఛలో భాగమని సుప్రీంకోర్టు 1967 ఏప్రిల్ 10న తీర్పు చెప్పింది. సత్వంత్ సింగ్ సాహ్నీ కేసు అది. ఆ తీర్పు రాసిన ప్రధాన న్యాయమూర్తి కోకా సుబ్బారావు గారు, రాజమండ్రి వారు. ఆ మర్నాడే ఆయన పదవి వదిలేశారు. ఆ తీర్పు వల్లే పార్లమెంటు చట్టం చేయక తప్పలేదు. అదే ఏడాది జూన్ 24న పాస్‌పోర్టుల చట్టం వచ్చింది. ఏటా ఆ తేదీన మీరు పాస్‌పోర్టు సేవా దినం జరుపుతున్నారు. తీర్పుల సంపుటాల్లో మాత్రం ఆయన ‘సుబ్బారావు, సి.జె.’ మాత్రమే. కోకా అన్న రెండక్షరాలు అక్కడ కనబడవు.

పాస్‌పోర్టులో ఫొటో ఉన్న పేజీ అడుగున రెండు వరసల అక్షరాలుంటాయి, ఒక్కో వరసలో 44 గుర్తులు. మొదటి వరసలో పీ, ఐఎన్‌డీ అని ఉంటుంది. ఆ వెంటనే సర్‌నేమ్. తరవాత బాణం మొనల్లాంటి గుర్తులు రెండు పక్కపక్కనే, ఆ తరవాత సొంతపేరు. ప్రపంచంలో ఏ విమానాశ్రయంలో యంత్రమైనా చదివేది ఈ వరసనే. గమ్మత్తేమిటంటే, ఈ వరస అచ్చంగా తెలుగు పద్ధతి: ముందు ఇంటిపేరు, తరవాత మనిషి పేరు. యంత్రానికి మా పద్ధతితో ఏ పేచీ లేదు. గడి నింపేచోటే పేచీ అంతా. సర్‌నేమ్ గడి ఖాళీగా వదిలేసినా దరఖాస్తు తీసుకుంటుంది. ఖాళీగా వదిలితే ఏమవుతుందో దరఖాస్తుదారుడికి చెప్పే దిక్కు లేదు.

ఏమవుతుందో నేను చూశాను. నా దగ్గర చదువుకున్న ఒక కుర్రాడి పాస్‌పోర్టులో సర్‌నేమ్ లేదు, ఉన్నది ఒకటే మాట. ఇంటిపేరు పొడి అక్షరంగా ఉండేది, పొడి అక్షరాలు పనికిరావు గనక అది కాస్తా ఎగిరిపోయింది. 2022 నవంబరు 21 నుంచి పాస్‌పోర్టులో ఒకే పేరున్న వాళ్లను విజిట్ వీసా మీద రానివ్వబోమని యుఏఈ ప్రకటించింది. అన్నను చూడటానికి దుబాయ్ బయలుదేరిన ఈ అబ్బాయిని సరిగ్గా ఆ వారంలోనే ఒక విమాన సంస్థ కౌంటర్ దగ్గర ఆపేశారు. పాస్‌పోర్టు చివరి పేజీలో తండ్రి పేరో ఇంటిపేరో ఉంటే సరిపోతుందని తరవాత కొద్ది రోజులకే వివరణ వచ్చింది. అప్పటికి టికెట్టు డబ్బు పోయింది. వాడు తిరిగొచ్చి మా అరుగు మీద కూర్చుని అడిగిన మాట ఇంకా నా చెవుల్లో ఉంది. “మేస్టారూ, నా ఇంటిపేరు ఏ ఆఫీసులో పడిపోనాదండీ?”

అమెరికా వీసాలో ఇది ఇంకా నొప్పిగా ఉంటుంది. పాస్‌పోర్టులో ఒకే పేరుంటే దాన్ని ఇంటిపేరు గడిలో వేసి, సొంతపేరు ఉండాల్సిన చోట ‘ఎఫ్‌ఎన్‌యూ’ అని అచ్చు వేస్తారు. మొదటి పేరు తెలియదు అని దాని అర్థం. బారసాలనాడు మేనత్త చెవిలో మూడుసార్లు చెప్పిన పేరు, పేరు తెలియదు అన్న ముద్ర కింద వెళ్తుంది.

ఆ కుర్రాడి ప్రశ్నకు జవాబులో నా వంతూ ఉంది. పదో తరగతి నామినల్ రోల్స్ రాసి పంపింది మా ఉపాధ్యాయులమే. గడి చిన్నది, పేరు పెద్దది. ఇంటిపేరుకు ఒక అక్షరం వేసి సరిపెట్టాం. ఊళ్లో అందరికీ తెలిసిన ఇంటిపేరు, విప్పి రాయకపోతే ఏం కొంపమునుగుతుంది అనుకున్నాం. ఆ ఒక్క అక్షరం ఏళ్ల తరవాత ఒక మనిషిని కౌంటర్ దగ్గర నిలబెడుతుందని తెలియలేదు. అందుకే ఆదివారాలు ఈ పనికి ఇచ్చేశాను.

మీ శాఖ చేసిన మేలు మరిచిపోయి రాయడం లేదు. ఒకప్పుడు పాస్‌పోర్టు అంటే ఏజెంటు, నెలల తరబడి ఎదురుచూపు. ఇప్పుడు ఇంట్లో కూర్చుని రోజూ వేళా ఎంచుకుని, జాతీయ రహదారి మీద విశాఖ మర్రిపాలెం వెళ్లి, ‘ఏ’ కౌంటర్‌లో ఫొటో, వేలిముద్రలు, ‘బీ’ కౌంటర్‌లో కాగితాల పరిశీలన, ‘సీ’ కౌంటర్‌లో ఆఖరి అనుమతి ముగించుకుని సాయంత్రానికి ఇంటికొస్తున్నారు. పుస్తకం స్పీడ్ పోస్టులో గుమ్మంలోకి వస్తోంది. 2016 డిసెంబరులో మీ శాఖ నిబంధనలు సడలించి, పుట్టిన తేదీకి ఆధార్, పాన్ వంటివి కూడా రుజువుగా తీసుకుంటామని, పెళ్లి ధ్రువపత్రం తప్పనిసరి కాదని చెప్పినప్పుడు మా వీధిలో కనీసం నలుగురు పెద్దవాళ్లకు దారి తెరుచుకుంది. ఇంటి పురుడు పుట్టి, పుట్టిన తేదీకి ‘తుపాను వచ్చిన ఏడు’ తప్ప వేరే గుర్తు లేని మనుషులు వాళ్లు. ఇంత చేసినవారు ఆ ఒక్క గడి దగ్గర ఎందుకు ఆగిపోయారన్నదే నా బాధ.

పోర్టల్ ఇంగ్లీషులో, హిందీలో ఉంది. మీ కాల్ సెంటర్‌కు ఫోన్ చేస్తే తెలుగులో మాట్లాడతారు, బాగా మాట్లాడతారు కూడా. ఫోనులో వినబడే తెలుగు దరఖాస్తులో ఎందుకు కనబడకూడదు? దరఖాస్తు మొత్తం తెలుగులోకి మార్చడానికి సమయం పడుతుందంటే ఒప్పుకుంటాను. ముందుగా పేరు ఉన్న భాగమైనా మార్చండి. ఆ గడి దగ్గర నాలుగు తెలుగు వాక్యాలు చాలు. ఇంటిపేరు ఇక్కడ పూర్తిగా రాయండి, రావు, రెడ్డి, నాయుడు, కుమారి, దేవి వంటివి ఇంటిపేర్లు కావు, మీ పేరులో భాగమైతే సొంతపేరు గడిలో రాయండి, పెళ్లయిన ఆడవాళ్లు పుట్టింటి ఇంటిపేరు ఉంచుకోవచ్చు అని.

రెండో సంగతి. ఒకసారి పొరపాటు పడి, పదేళ్లకు పుస్తకం మళ్లీ తీసుకునేటప్పుడు సరిచేసుకుందామంటే, దరఖాస్తులో ‘సర్‌నేమ్ మార్పు’ అని టిక్కు పెట్టాలి. వీళ్లు ఏమీ మార్చుకోవడం లేదు మంత్రి గారూ. తాతల నాటి ఇంటిపేరును విప్పి రాస్తున్నారు, లేదా తప్పు గడిలో పడ్డదాన్ని సరైన గడిలోకి తెస్తున్నారు. పేరు మార్చుకున్న వాళ్లతో కలిపి, పత్రికా ప్రకటన వేయండి, గెజిట్ తెండి అంటే పల్లెటూరి మనిషి హడలిపోతాడు. ‘పొడి అక్షరం విప్పడం’, ‘ఇంటిపేరు, సొంతపేరు గడులు సరిచేయడం’ అని వేరే వరస పెట్టించండి. పదో తరగతి సర్టిఫికెట్టో, తండ్రి పాస్‌పోర్టో, భూమి పట్టాదారు పుస్తకమో చూపించి, సొంత ప్రమాణపత్రం మీద ఆ పని జరిగే ఏర్పాటు చేయండి. ఏ కాగితం సరిపోతుందో తెలుగులో రాసి ప్రతి కేంద్రంలోనూ గోడకు పెట్టించండి.

ఇంగ్లీషు స్పెల్లింగు గొడవకు కూడా ఒక మందుంది. లక్ష్మిని తెలుగులో ఎవరు రాసినా ఒకటే. ఇంగ్లీషులో ఎక్స్‌తో రాసేవారు రాస్తారు, కే ఎస్ హెచ్‌తో రాసేవారు రాస్తారు. ఊళ్ల సంగతీ అంతే. మా జిల్లా పేరు ఇంగ్లీషులో ఐ తో ముగుస్తుంది, అనకాపల్లి స్టేషను బోర్డు మీద ఈ తో ముగుస్తుంది. పక్కనే యలమంచిలి, స్టేషను బోర్డు మీద మొదటి వై అక్షరం ఉండదు. 1758లో కర్నల్ ఫోర్డ్ సేన వచ్చి విజయనగరం రాజు సేనతో కలిసిన మా కశింకోటను ఆనాటి ఇంగ్లీషు వాళ్లు సీ తో మొదలుపెట్టి హెచ్ తో ముగించారు, ఇప్పుడు కే తో రాస్తున్నాం. ఇన్ని మారినా తెలుగు రాత మారలేదు. చైనా, థాయ్‌లాండ్, రష్యా పాస్‌పోర్టుల్లో సొంత లిపిలో పేరు ఉండి, పక్కన రోమన్ అక్షరాల్లో ఉంటుంది. అంతర్జాతీయ పౌర విమానయాన సంస్థ నియమాలు దానికి అడ్డు చెప్పవు. మా పేరు కూడా తెలుగు లిపిలో ఆ పేజీ మీద ఉంటే, నాలుగు కాగితాల్లోని నలుగురు సత్యవతులు ఒకరేనని తేల్చడానికి అధికారికి ఒక ఆధారం దొరుకుతుంది. చిప్పు ఉన్న ఈ-పాస్‌పోర్టులు ఇప్పుడే వస్తున్నాయి. చిప్పులో మా లిపికి చోటు లేకపోదు.

ఇది చదివే మా వాళ్లకు ఇక్కడే ఒక మాట చెప్పనివ్వండి. 2023 అక్టోబరు 1న గానీ ఆ తరవాత గానీ పుట్టిన పిల్లలకు పుట్టిన తేదీ రుజువుగా ఇక జనన ధ్రువపత్రం ఒక్కటే చెల్లుతుంది. 2025లో నిబంధన మారింది. పుట్టిన 21 రోజుల్లో జననం నమోదు చేయించాలి. మన ఇళ్లలో బారసాల కూడా ఇంచుమించు అప్పుడే. పేరు ఇంకా పెట్టలేదని గడి ఖాళీగా వదిలేసి, తరవాత ఆ ఊసే మరిచిపోయిన ఇళ్లు నాకు తెలుసు. బారసాల అయిన వారంలోగా పంచాయతీకో మున్సిపాలిటీకో వెళ్లి పేరు చేర్పించండి. ఇంటిపేరు పొడి అక్షరంగా వేయనివ్వకండి, పూర్తిగా రాయించండి. మా తరం చేసిన పొరపాటు ఆ పసివాళ్ల మీద పడకుండా చూసుకోవడం మన చేతిలోనే ఉంది.

మంత్రి గారూ, సత్యవతి దరఖాస్తును మొన్న నేనూ ఆవిడా కూర్చుని మళ్లీ నింపాం. ఏ ఇంటిపేరు పెట్టుకుంటావమ్మా అని అడిగితే చాలాసేపు ఆలోచించింది. పుట్టింటిది బడి కాగితం మీద ఉంది, అత్తింటిది ఆధార్ మీద ఉంది. చివరికి ఆధార్ ప్రకారమే రాయమంది. కూతురి పాస్‌పోర్టులో తల్లి పేరు అలాగే ఉందట, వీసా దగ్గర రెండూ కలవాలి కదా అంది. ఏడో తరగతితో ఆగిన మనిషి ఇంతదూరం ఆలోచించింది. వచ్చే మంగళవారం ఆవిడకు అపాయింట్‌మెంట్ ఉంది. నాలుగు కాగితాలూ, వాటి జిరాక్సులూ ఒక ఫైలులో పెట్టి ఇచ్చాను.

నా అరుగు మీదకు రానివాళ్లు, ఇలాంటి అరుగు లేని ఊళ్లవాళ్లు ఎందరో ఉన్నారు. వాళ్లకోసం అడుగుతున్నాను. దరఖాస్తులో సర్‌నేమ్ అన్న మాట కింద ‘ఇంటిపేరు’ అని తెలుగులో అచ్చు వేయించండి. ముందు ఆ ఒక్క మాటతో మొదలుపెట్టండి.

ఇట్లు,
మీ విధేయుడు,
ఒక విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుడు,
కశింకోట.